తీసేసే ఫైలు, మోగని బెల్లు

ప్రోగ్రాం రాసేవాళ్ళలో ఎక్కువమంది దాన్ని కంప్యూటర్ నుంచి తీసేసే భాగాన్ని అన్నిటికన్నా చివర రాస్తారు. సరుకు పంపాల్సిన రోజు దగ్గరపడ్డాక, అసలు పని అయిపోయిందనుకున్నాక, ఏదో ఒక సాయంత్రం కూర్చుని ముగిస్తారు. చాలా ఆఫీసుల్లో అయితే ఆ భాగాన్ని కొత్తగా చేరినవాళ్ళ మీదికి నెట్టేస్తారు. అనంతపురంలో ఒక చిన్న సాఫ్ట్‌వేర్ కంపెనీలో నేను పనిచేసిన కాలంలో సగానికి పైగా ఆ పనే చేశాను. నా మీదికి ఎవరూ నెట్టలేదు. అడిగి తీసుకున్నాను. ఎందుకు అడిగానో చెబితే, ఈ పనిలోకి కొత్తగా వచ్చేవాళ్ళకు పనికొస్తుందని రాస్తున్నాను.

జీతం ఎప్పుడు పెరిగింది, కుర్చీ ఎప్పుడు మారింది అన్నవి ఇందులో ఉండవు. అవి నాకే సరిగా గుర్తులేవు.

మెట్ల మీది ఆఫీసు

మా ఆఫీసు పాతూరు బజారులో ఒక నూనె అంగడి పైన ఉండేది. కింద మా యజమాని శెట్టిసార్ వాళ్ళ నాయన చెనిక్కాయ (వేరుశనగ) నూనె, బెల్లం అమ్మేవారు. మెట్లెక్కి పైకి వస్తే కంప్యూటర్లు, వాటి మీద గుడ్డలు. ఎండాకాలంలో కింది నుంచి నూనె వాసన లేచి ఫైళ్ళకు కూడా పట్టేది. శెట్టిసార్ బెంగళూరులో ఇంజనీరింగ్ చదివి, అక్కడే ఉద్యోగం చేసి, తొంభైల చివర్లో తిరిగి వచ్చి ఈ కంపెనీ పెట్టారు. తెలివైన మనిషి. ప్రోగ్రాం చాలా వేగంగా రాసేవారు. ఆ వేగమే ఆయన గొప్ప, ఆయన చిక్కు కూడా.

నాది బత్తలపల్లె. లెక్కల్లో డిగ్రీ చేసి, కొన్నేళ్ళు ప్రైవేటు బడిలో పాఠాలు చెప్పి, తర్వాత కంప్యూటర్ నేర్చుకుని ఆ ఆఫీసులో చేరాను. అప్పటికే వాళ్ళ సరుకు తయారై ఊళ్ళలో నడుస్తోంది. బస్సెక్కి ఊళ్ళు తిరగడానికి వెనకాడని మనిషి నేనొక్కదాన్నే కాబట్టి, ప్రోగ్రాం ఎక్కించడం, ఏదైనా ఆగిపోతే వెళ్ళి చూడడం మొదట్లో నా పని.

కనిపించకుండా నడిచేది

కంప్యూటర్‌లో తెర మీద కనిపించే ప్రోగ్రాములు కొన్ని. కనిపించకుండా నడిచేవి మరికొన్ని. రెండో రకాన్ని సర్వీసు అంటారు. కంప్యూటర్ వెలగగానే అది మొదలవుతుంది. దాన్ని ఎవరూ తెరవనక్కర్లేదు, మూయనక్కర్లేదు. ఉందన్న సంగతి కూడా వాడేవాళ్ళకు తెలియదు.

మా సర్వీసు చేసేది ఒకటే పని. వైరులోంచి వచ్చే అంకెలు చదివి, అడిగిన ప్రోగ్రాముకు అందిస్తుంది. నూనె మిల్లులో అయితే తూకం యంత్రం నుంచి వచ్చే అంకెలు. పాలకేంద్రంలో అయితే రెండు రకాలు: పాలలో వెన్న ఎంతుందో కొలిచే యంత్రం చెప్పేవి, పాలట్యాంకులోని సెన్సార్ కడ్డీ చెప్పేవి. మొదటివి బిల్లింగు ప్రోగ్రాముకు పోతాయి. రెండోవి టెంపరేచర్ చూసే ప్రోగ్రాముకు పోతాయి, ట్యాంకులో పాలు వేడెక్కితే అది బెల్లు మోగిస్తుంది. కరెంటు పోయినా బ్యాటరీ మీద కంప్యూటర్ నడుస్తూనే ఉంటుంది. ప్రోగ్రాములు రెండు, వాటికి అంకెలు అందించే సర్వీసు మాత్రం ఒకటే. ఈ ఒక్క మాట గుర్తుంటే చాలు, తర్వాత జరిగింది అంతా అర్థమవుతుంది.

ప్రోగ్రాం వద్దనుకుని తీసేసేటప్పుడు దాని ఫైళ్ళు చెరిపేస్తే సరిపోదు. వెనక నడుస్తున్న సర్వీసును ముందు ఆపాలి. తర్వాత దాని పేరును కంప్యూటర్ జాబితా నుంచి కొట్టేయాలి. ఈ పని చేయడానికి డీఎల్ఎల్ అనే చిన్న లైబ్రరీ ఫైలు ఒకటి ప్రోగ్రాంతో పాటే వెళ్ళి కంప్యూటర్‌లో కూర్చుంటుంది. ప్రోగ్రాం ఉన్నన్నాళ్ళూ దాన్ని ఎవరూ పిలవరు. తీసేసే రోజున మాత్రమే అది లేచి పనిచేస్తుంది.

మొదట్లో మా కంపెనీకి అలాంటి ఫైలే లేదు. హిందూపురం వైపు ఒక నూనె మిల్లులో మా ప్రోగ్రాం తీసేసి వేరేవాళ్ళది పెట్టుకున్నారు. మా సర్వీసు మాత్రం లోపలే ఉండిపోయి, తూకం వైరును వదలకుండా పట్టుకుంది. వాళ్ళ కొత్త ప్రోగ్రాముకు ఒక్క అంకె కూడా రాలేదు. మిల్లు యజమాని ఫోన్ చేసి శెట్టిసార్‌ని నోటికొచ్చినట్టు తిట్టాడు. ఆ కోపంలో సార్ ఒక్క పూటలో తీసేసే లైబ్రరీ రాసి పారేశారు. పేరు వెతుకు, ఆపు, కొట్టేయ్. ఇంకెవరికైనా అది కావాలా అని అడిగే వరుస ఒక్కటీ అందులో లేదు. అప్పట్లో ఎక్కడా రెండు ప్రోగ్రాములు కలిపి నడవడం లేదు కాబట్టి ఆ ప్రశ్న ఎవరికీ తట్టలేదు.

నల్లమాడ నుంచి ఫోన్

రెండువేలు దాటిన కొత్తల్లో వానలు వరసగా ఎగ్గొట్టిన కాలం అది. నల్లమాడ మండలంలో చెనిక్కాయ పెట్టినవాళ్ళకు విత్తనం కూడా తిరిగి రాలేదు. ఆవో బర్రో ఉన్న ఇళ్ళు ఆ పాల మీదే నెట్టుకొస్తున్నాయి. రోడ్డు పక్కన రేకుల షెడ్డులో ఒక ప్రైవేటు డెయిరీ పాలకేంద్రం నడిపేది. పొద్దున్నే ఆడవాళ్ళు స్టీలు క్యానుల్లో పాలు తెచ్చి పోసేవారు. ఆ పాలను ట్యాంకులో చల్లబరిచి ఉంచితే, సాయంత్రం ట్యాంకరు వచ్చి తీసుకుపోయేది.

అక్కడి ఆపరేటరు బాషా. నలభై దాటిన మనిషి. పాలు పోయించుకోవడం, కంప్రెసర్ చూసుకోవడం, కరెంటు పోతే జనరేటరు తిప్పడం అన్నీ అతనే.

ఒకరోజు చీకటిపడే వేళ పాలకేంద్రం మేనేజరు ఆఫీసుకు ఫోన్ చేశాడు. ట్యాంకులో పాలన్నీ విరిగిపోయాయి. ట్యాంకరు డ్రైవరు మూత తీసి వాసన చూసి, నింపుకోకుండానే వెళ్ళిపోయాడు. పాలన్నీ కాలవలో పోశారు. కరెంటు పోయి తక్కువ వోల్టేజీతో తిరిగొచ్చినప్పుడు కంప్రెసర్ ఆగిపోయింది, బాషా దాన్ని మళ్ళీ ఆన్ చేయలేదు. బెల్లు మోగలేదంటున్నాడు కానీ నిద్రపోయి ఉంటాడని మేనేజరు నమ్మకం. బాషాను పనిలోకి రావద్దన్నారు. పోయిన పాలకు బాధ్యత కూడా అతని మీదే వేయబోతున్నారు. దానికి ముందు కంప్యూటర్ బాగానే ఉందని మా కంపెనీ రాసివ్వాలి.

శెట్టిసార్ నన్ను పిలిచారు.

"లలితమ్మా, రేపు నల్లమాడకు పోయి రా. బెల్లు మోగిందీ లేందీ చూడు. వాడే ఏందో నొక్కింటాడులే. రాసిచ్చి వచ్చేయ్."

మనిషిని చూడకుండానే తీర్పు చెప్పేశారు. నేనూ అప్పుడు అదే అనుకున్నాను. ఊళ్ళలో కంప్యూటర్ ఆగిపోయిందంటే, పదింట తొమ్మిదిసార్లు ఎవరో ప్లగ్గు పీకి ఫ్యాను పెట్టుకుని ఉండేవారు.

వేడినీళ్ళ గ్లాసు

మర్నాడు నేను వెళ్ళేసరికి పాలు పోయడం అయిపోయింది. కొందరు ఆడవాళ్ళు ఖాళీ క్యానులతో షెడ్డు ముందు ఇంకా నిలబడే ఉన్నారు. వాళ్ళలో పెద్దదిక్కు రామక్క. ఊళ్ళో అందరికన్నా ముందు ఈ కేంద్రానికి పాలు పోసిన మనిషి. బాషా షెడ్డు బయట, గోడకు ఆనుకుని ఉన్నాడు. లోపలికి రావద్దన్నారు కదా, గడప తొక్కలేదు.

రామక్క అతన్ని కడిగేస్తోంది.

"నిన్ను నమ్మే కదరా బాషా పోసి పోతాంటిమి. నా బిడ్డలకు కూడా ఒక గ్లాసు పెట్టకుండా తెచ్చి పోసినా. కాలవలో పారపోసినావు."

"నేను నిద్రపోలేదు అక్కా. నా బిడ్డల మీద ఆన. ఈడనే కుర్చీలో ఉండా."

"మరి బెల్లు మోగితే చెవుడా నీకు?"

"బెల్లు మోగలేదక్కా."

నేను అతన్ని పక్కకు పిలిచి అడిగాను. అతను చెప్పింది సూటిగా ఉంది.

"తెర మీద నాలుగు డిగ్రీలు ఉండాది మేడం. నాలుగుకు వస్తే కంప్రెసర్ దానంతట అదే నిలిచిపోతాది. శబ్దం లేదు, సరే, పాలు చల్లగుండాయి కాబట్టి నిలిచిందనుకుంటి. సాయంత్రం దాకా సూస్తానే ఉండా, నాలుగే. ట్యాంకరాయన మూత తీసినాకనే తెలిసె."

ట్యాంకు మీద పాతకాలపు ముల్లు మీటరు ఏమైందని అడిగాను. కంప్యూటర్ వచ్చాక దాన్ని పీకేశారట.

లోపలికి వెళ్ళి చూస్తే తెర మీద ఇప్పటికీ నాలుగే ఉంది. ఆ పొద్దున మేనేజరు తనే కూర్చుని, చేతి థర్మామీటరుతో పాలు చూసుకుంటున్నాడు కాబట్టి తెరను పట్టించుకోలేదు. టీ అంగడి నుంచి ఒక గ్లాసు వేడినీళ్ళు తెప్పించాను. ట్యాంకు పక్కనుంచి సెన్సార్ కడ్డీని లాగి ఆ నీళ్ళలో ముంచాను. తెర మీద అంకె కదల్లేదు. నీళ్ళు పొగలు కక్కుతున్నాయి. తెర నాలుగంటోంది.

"కంప్యూటర్ చెడిపోయింటాది" అన్నాడు మేనేజరు, కాస్త మెత్తబడి.

సర్వీసుల జాబితా తెరిచి చూశాను. మా సర్వీసు ఆగిపోయి ఉంటుందనుకున్నాను. అసలు పేరే లేదు. ఆగిపోవడం వేరు, లేకుండా పోవడం వేరు. కరెంటు పోతే ఆగుతుంది. లేకుండా పోవాలంటే ఎవరో తీసేయాలి.

"ఈ మధ్య ఎవరైనా వచ్చి కంప్యూటర్ ముట్టుకున్నారా?"

"మొన్న బెంగళూరు కంపెనీ పిల్లోడు వచ్చిన్యాడు మేడం. మా హెడ్డాఫీసోళ్ళు కొత్త బిల్లింగు కొన్న్యారు. మీ పాత బిల్లింగు తీసేసి దాన్ని ఎక్కిచ్చినాడు. టెంపరేచర్ దాన్ని మాత్రం ముట్టుకోలేదు. ముట్టుకోవద్దని నేనే చెప్పిన్యా."

ఆ పిల్లవాడిది తప్పేమీ లేదు. ఎలా తీసేయాలో అలాగే తీసేశాడు. మేనేజరు భోజనానికి వెళ్ళాక, నా సంచిలోని సీడీలతో మా రెండు ప్రోగ్రాములూ మళ్ళీ ఎక్కించాను. కడ్డీని వేడినీళ్ళలో పెట్టగానే బెల్లు మోగింది. బయటి నుంచి బాషా తొంగి చూశాడు. కడ్డీని కుండలో చల్లనీళ్ళలో పెట్టి, అంకె దిగి నిలిచాక, పాత బిల్లింగును మాత్రం తీసేశాను. తొలగించడం విజయవంతంగా పూర్తయిందని తెర మీద మాట వచ్చింది. మళ్ళీ కడ్డీని వేడినీళ్ళలో పెట్టాను.

బెల్లు మోగలేదు. తెర మీద చల్లనీళ్ళ అంకె అలాగే నిలబడి ఉంది.

బిల్లింగును తీసేసేటప్పుడు మా లైబ్రరీ ఫైలు లేచి, ఇద్దరూ వాడుకుంటున్న సర్వీసును తనదే అన్నట్టు కొట్టేసి పోయింది. టెంపరేచర్ ప్రోగ్రాముకు అంకెలు అందించేవాడు లేడు. అందకపోతే ఆఖరున వచ్చిన అంకెనే చూపిస్తూ ఉండమని దాన్ని రాసి ఉన్నారు. తెర ఖాళీగా ఉంటే కొనేవాళ్ళు బెదిరిపోతారని శెట్టిసార్ అలా చేయించారు.

ఎస్టీడీ బూతు

రోడ్డవతల ఎస్టీడీ బూతు నుంచి ఆఫీసుకు ఫోన్ చేశాను.

"ఏమ్మా, తేలిందా? వాడేనా?" అన్నారు సార్.

"వాడు కాదు సార్. మన తీసేసే ఫైలు."

జరిగింది వివరంగా చెప్పాను. అవతల కింది అంగడిలో ఎవరో డబ్బా లాగుతున్న చప్పుడు వినిపించింది.

"ఎవురికైనా చెప్పినావా?"

"ఇంకా లేదు సార్."

"చెప్పొద్దు. కరెంటు హెచ్చుతగ్గుల వల్ల సర్వీసు పోయిందని రాసిచ్చి వచ్చేయ్. ఆ ఫైలు సంగతి మనం ఈడ సూసుకుందాం."

"కరెంటు వల్ల ఆగిపోతుంది సార్. పేరుతో సహా మాయమవదు."

"ఆ సంగతి వాండ్లకు తెలుస్తాదా?"

"వాళ్ళకు తెలియదు. నాకు తెలుసు కదా సార్. అట్లా రాసి సంతకం పెట్టను. ఇక్కడ ఒకాయన పని పోయి గోడ దగ్గర నిలబడి ఉన్నాడు. మీరు వచ్చి మీ కళ్ళతో చూడండి. లేదంటే ఇంకెవరినైనా పంపండి."

ఆయన ఫోన్ పెట్టేశారు.

ధైర్యవంతురాలినని చెప్పుకోవడానికి ఇది రాయడం లేదు. మా ఆయనకు ధర్మవరంలో మగ్గం పని ఆగిపోయి ఉంది. ఇల్లు నా జీతం మీదే నడుస్తోంది. బడి ఉద్యోగం ఎప్పుడో వదిలేశాను. తిరిగి వెళ్ళి సార్ చెప్పినట్టే రాసిస్తే ఏమవుతుందని రోడ్డు దాటుతూ ఆలోచించాను కూడా. షెడ్డు దగ్గరికి వచ్చేసరికి బాషా నా ముఖంలోకి చూసి, "బెల్లు మోగింది కదా మేడం ఇందాక. మళ్ళా మోగలేదు. నాకు వినపడె" అన్నాడు. ఇంక రాసివ్వడం నా వల్ల కాలేదు. రేపు మా సార్ వస్తారని చెప్పాను. వస్తారో రారో నాకే తెలియదు.

శెట్టిసార్ వచ్చిన రోజు

కదిరిలో మా పిన్నమ్మ ఇంట్లో ఉండి పొద్దున్నే మళ్ళీ నల్లమాడకు వెళ్ళాను. షెడ్డు ముందు శెట్టిసార్ స్కూటరు ఉంది. అనంతపురం నుంచి అంత దూరం దాని మీదే వచ్చారు. చొక్కా నిండా దుమ్ము. నేను చేసిందంతా మొదటి నుంచి తన చేత్తో చేశారు. ఎక్కించారు, బెల్లు మోగించారు, తీసేశారు, కడ్డీ ముంచారు. నమ్మకం కుదరక మళ్ళీ ఒకసారి చేశారు. ఎవరో చెప్పిన మాట ఆయనకు ఎప్పుడూ చాలదు. యంత్రం తన ముందు చెప్పాలి.

"ఆ ఫైలు నేను రాసిందే కదా?" అన్నారు చివరికి.

"అవును సార్."

బోర్లించిన ఒక పాలక్యాను మీద కూర్చున్నారు. అంతలో మేనేజరు లోపలికి వచ్చాడు.

"ఏమి సార్, సూసినారా? మా వాని తప్పే కదా?"

నేను ఆయన వైపు చూడడం మానేసి నేల చూశాను. ఆ క్షణంలో ఆయన ఏమన్నా నేను చేయగలిగింది లేదు.

"కాదు" అన్నారు సార్. "తప్పు మాది. బయట ఉండేవాళ్ళను పిలవండి, సూపిస్తాను."

పాలు పోయడానికి వచ్చిన ఆడవాళ్ళు షెడ్డులోకి వచ్చారు. బాషా గడప దాకా వచ్చి ఆగాడు. సార్ మళ్ళీ మొదటి నుంచి చేసి చూపించారు. వేడినీళ్ళలో కడ్డీ ఉంచి, మోగని బెల్లునూ కదలని అంకెనూ చేత్తో చూపిస్తూ, "ఆ రోజు జరిగింది ఇదే. బాషా ఎంతసేపు సూసినా ఇదే కనపడింటాది" అన్నారు.

రామక్క ముందుకు వచ్చి గ్లాసులో వేలు పెట్టి చూసింది. చురుక్కుమని వేలు లాక్కుంది.

"అంటే మీ కంప్యూటరు అబద్ధం చెప్పిందా?"

"దానికి అబద్ధం తెలీదమ్మా. దానికి అంకెలు రావడం నిలిచిపాయ. అందుకని పాత అంకె సూపిస్తాండాది."

"తెలీకపోతే తెలీదని చెప్పల్ల కదప్పా. నాలుగని యాల చెప్పల్ల?"

మాకున్న చదువంతటికీ ఆ ప్రశ్న ఒకసారైనా తట్టి ఉండాల్సింది.

రామక్క ఇక మమ్మల్ని వదిలేసి గడప వైపు తిరిగింది. "ఒరే బాషా, నిన్ను నోటికొచ్చినట్ల అంటిని" అంది. బాషా తల ఊపాడు, అంతే.

మేనేజరు రేపటి నుంచి పనిలోకి రమ్మన్నాడు. అతను కదల్లేదు.

"ఈడుండేటోళ్ళు విన్న్యారు, సరే సార్" అన్నాడు మా శెట్టిసార్‌తో. "మిగతా ఊర్లు ఉండాయి. ఆడంతా నేను నిద్రపోయి పాలు ఇరగ్గొట్టినానని చెప్పుకుంటాండారు. మా పిల్లోన్ని బడిలో కూడా అంటాండారు. వాండ్లకు ఎవురు చెప్తారు?"

శెట్టిసార్ ఆ పూట తిరిగి వెళ్ళలేదు. ఆ కేంద్రానికి పాలు పంపే ఊళ్ళన్నిటికీ బాషాను స్కూటరు వెనక కూర్చోబెట్టుకుని వెళ్ళారు. నేను వెంట లేను. ఏం మాట్లాడారో బాషా తర్వాత చెప్పాడు. ప్రతి ఊళ్ళోనూ స్కూటరు ఆపి, పేరు చెప్పుకుని, "పాలు ఇరిగింది నా వల్ల, ఈయన వల్ల కాదు" అనేవారట. ఒక ఊళ్ళో ఒక ముసలాయన ఆయన్ను నిలబెట్టి చాలాసేపు తిట్టాడట. సార్ తిట్లన్నీ విని, మళ్ళీ అదే మాట చెప్పి, స్కూటరెక్కారట.

ఆయన గురించి నా అభిప్రాయం సూటిగా చెబుతాను. మొదట నన్ను అబద్ధం రాయమన్నారు. అది నేను మర్చిపోలేదు. కానీ నిజం చెప్పాల్సి వచ్చినప్పుడు ఆఫీసులో కూర్చుని ఒక కాగితం పంపి ఊరుకోలేదు. ఆ తర్వాత నేను చాలామంది అధికారులను, కంపెనీ పెద్దలను చూశాను. మొదటి పని చేసినవాళ్ళు చాలామంది. రెండోది చేసినవాళ్ళు ఇంకొకరు కనిపించలేదు.

పోయిన పాల ఖర్చు మా కంపెనీయే భరించింది. డెయిరీ హెడ్డాఫీసు అయినా మా సరుకు వద్దంది. ఆ వార్త పాకి ఇంకో రెండు చోట్ల కూడా పని పోయింది. నిజం చెబితే అంతా మంచే జరుగుతుందని మీకు ఎవరైనా చెబితే నమ్మకండి. ఆ ఏడాది ఆఫీసులో ఇద్దరిని మానిపించాల్సి వచ్చింది. వాళ్ళు నాతో చాలా కాలం మాట్లాడలేదు.

బాషా పనిలోకి వచ్చాడు. ట్యాంకుకు ముల్లు మీటరు తిరిగి బిగిస్తేనే వస్తానన్నాడు, బిగించారు. వేరే కంపెనీది పెట్టాక కూడా తెర మీద అంకెను మాత్రం అతను ఎన్నడూ చూడలేదట.

మళ్ళీ రాసిన ఫైలు

నల్లమాడ నుంచి వచ్చాక, తీసేసే పని ఇకమీద నాకివ్వండని సార్‌ని అడిగాను. ఆయన ఒక్క మాట కూడా అడగకుండా ఇచ్చేశారు. ఆ తర్వాత నేర్చుకున్నవి కొన్ని చెబుతాను.

తీసేసే ఫైలు అన్నిటికన్నా ముందు అడగాల్సింది, ఈ సర్వీసు ఇంకెవరికైనా కావాలా అని. ఎంతమంది వాడుతున్నారో ఒక లెక్క పెట్టుకుని, ఆఖరివాడు పోయేటప్పుడే కొట్టేయడం అందరూ చేసే పద్ధతి. నేనూ అదే చేశాను. కొన్నాళ్ళకు ఆ లెక్క కూడా తప్పుతుందని తెలిసింది. మధ్యలో కరెంటు పోయి ప్రోగ్రాం సగమే ఎక్కితే లెక్క పెరుగుతుంది, ప్రోగ్రాం ఉండదు. అందుకని లెక్కను నమ్మకుండా, రెండో ప్రోగ్రాం నిజంగా ఉందా లేదా అని వెళ్ళి చూసి రమ్మని రాశాను. అనుమానం వస్తే సర్వీసును వదిలేయాలి. మిగిలిపోయిన సర్వీసు వల్ల ఎవరికో చికాకు కలుగుతుంది. పోయిన సర్వీసు వల్ల ఏమవుతుందో నేను చూశాను.

ఆపమని చెప్పగానే ఆగిందనుకోకూడదు. ఆగేదాకా కాచుకోవాలి. సర్వీసుల జాబితాను ఎవరైనా తెర మీద తెరిచి పెట్టుకుని ఉంటే, మీరు కొట్టేసినా పేరు పూర్తిగా పోదు. పోవాలని గుర్తు మాత్రం పడుతుంది. ఆ జాబితా మూసేదాకానో, కంప్యూటర్ ఆపి మళ్ళీ వెలిగించేదాకానో అదే పేరుతో కొత్తది ఎక్కదు. హిందూపురంలో ఒక మిల్లు గుమాస్తా ఇది తెలియక, ఎక్కించడం తీసేయడం ఒక పూటంతా చేసి, చివరికి కంప్యూటర్‌ని చేత్తో కొట్టాడు. ఆయన మీద నాకు కోపం రాలేదు. కంప్యూటర్ ఆపి వెలిగించమని ఒక్క వాక్యం చెప్పని మా ఫైలు మీద వచ్చింది. ఆ వాక్యం తెలుగులోనే రాయించాను.

వాడేవాళ్ళు కూడబెట్టుకున్న వివరాలు వాళ్ళవి. ప్రోగ్రాం పోతూ పోతూ వాటిని ముట్టుకోకూడదు.

ఇక తెర సంగతి. అంకె రాకపోతే అంకె చూపకూడదు. గీతలు చూపాలి, బెల్లు మోగాలి. దీని గురించి సార్‌తో పెద్ద వాదన అవుతుందనుకున్నాను. జరగలేదు. నేను నోరు తెరవకముందే ఆయనే రాసేశారు.

కానీ మిగతా వాటికి ఎక్కువ సమయం పడుతుంటే మాత్రం గొణిగేవారు. కొత్త సరుకు ప్రతిదాన్నీ మా మిగతా సరుకుతో కలిపి ఎక్కించి, ఒక్కొక్కటే తీసేసి చూస్తేగాని నేను బయటికి వదిలేదాన్ని కాదు.

"మనల్ని వద్దనుకుని పోయేటోళ్ళ కోసం ఇంత కష్టం యాలమ్మా? ఉండేటోళ్ళను సూడు" అన్నారు ఒకసారి.

"పోయేవాళ్ళు సగమే పోతారు సార్. మిగతా సగం మన మీదే నడుస్తుంటుంది."

"నువ్వు ఇంగ వినవులే" అని వెళ్ళిపోయారు. అంతకు మించి ఎన్నడూ అడ్డుపడలేదు.

గోరంట్ల

కొన్నేళ్ళకు పని మళ్ళీ పుంజుకుంది. గోరంట్లలో ఇంకో డెయిరీ వాళ్ళు మా రెండు ప్రోగ్రాములూ పెట్టుకున్నారు. కొంతకాలానికి వాళ్ళూ బిల్లింగు వేరే కంపెనీది కొని, మాది తీసేశారు. మాకు ముందుగా చెప్పలేదు. ఒక మధ్యాహ్నం అక్కడి ఆపరేటరు ఫోన్ చేస్తే ఆ సంగతి తెలిసింది.

"మీ పాత బిల్లింగు పొద్దున్నే తీసేసినారు మేడం."

"టెంపరేచర్ ఎట్లా ఉంది? అంకె మారుతోందా? బెల్లు చూశారా?"

"అదేం కాలేదు మేడం, బాగుండాది. ఇందాక కరెంటు పోయి పాలు ఏడెక్కతాంటే బెల్లు కొట్టె, జనరేటరు ఏసుకుంటిమి. ఇప్పుడు ఫోన్ చేసింది ప్రింటరు గురించి. కాగితం రావడంల్యా."

నవ్వొచ్చింది. ఆ ప్రింటరు మాది కాదు, కొత్త కంపెనీవాళ్ళది. వాళ్ళ ఫోన్ నంబరు ఇచ్చి, వైరు సరిగా ఉందో లేదో చూడమని చెప్పి పెట్టేశాను.

శెట్టిసార్ పక్క బల్ల దగ్గర నుంచి అంతా విన్నారు.

"గోరంట్లలో మనది తీసేసినారా?"

"తీసేశారు సార్. సర్వీసు నిలబడింది. బెల్లు కూడా మోగిందంట."

"మరి ఫోన్ ఎందుకు చేసినారు?"

"ప్రింటరు పనిచేయడం లేదంట. అది మనది కాదు."

ఆయన కాసేపు తెర వైపు చూస్తూ ఏదో రాసుకుపోయారు. తర్వాత తలెత్తకుండానే అన్నారు.

"మనది కాకపోతే ఏమిలే. ఆ దోవనే హిందూపురానికి పోయే పని ఉంది కదా నీకు, దిగి ఒకసారి సూసి పో."

మర్నాడు గోరంట్లలో దిగి చూశాను. ప్రింటరు వైరు ఎలుక కొరికింది. కొత్తది తెప్పించి బిగించి, హిందూపురం బస్సెక్కాను.